కోళ్ళగంపా, లండను మేడా

లెక్కలంటే నాకు చిన్నప్పటినించీ భయం. పదో క్లాసు లెక్కల పరీక్ష రాసి బయటికొచ్చిన రోజున, ఇహ ఈ జన్మలో త్రిభుజం మొహం చూడనని మా వీధి చివర వినాయకుడి గుళ్ళో మొక్కుకుని కొబ్బరికాయ కూడా కొట్టాను. ఆ మాట నిలబెట్టుకోవడానికే చరిత్రా, తెలుగూ తీసుకుని బి.ఏ. చదివాను. ఆ తరవాత నవలలు రాయడం మొదలెట్టాను. నవలల్లోనూ త్రిభుజాలుంటాయనుకోండి. కానీ వాటికి కోణాలు కొలిచే పని లేదు.

అలాంటి నా కడుపున పుట్టిన పిల్ల ఆర్కిటెక్చరు చదువుతానంది. డాక్టరు చదవమన్నాను. వినలేదు. మూడు వారాలు తల్లీకూతుళ్ళం మాట్లాడుకోలేదు. మధ్యలో మావారు ఉప్పు అందించమన్న కబురు ఇటూ, చారు బాగుందన్న కబురు అటూ మోశారు. చివరికి అదే గెలిచింది. ఇప్పుడు ఆఖరి ఏడు. ఈ చదువేమిటోగాని, అన్నం దగ్గర కూచున్నా ఫోనులో మాట్లాడినా దాని నోట వచ్చే మాటల్లో సగం నాకు తెలియవు. పరాయి రాష్ట్రం బస్టాండులో బోర్డులు చదవడం రాక నిలబడ్డ మనిషిలా ఉంటుంది నా పరిస్థితి. మాటల మీద బతికేదాన్ని, కన్నకూతురి మాటలే అర్థం కాకపోతే ఎలా ఉంటుందో మీరే చెప్పండి.

మొన్న డిసెంబరులో కోనసీమలో మా అత్తవారి ఊరు వెళ్ళాం. ఆ ఊరి హైస్కూలు హెడ్మిస్ట్రెస్‌గారు మా అత్తయ్యగారిని చూడ్డానికొచ్చి, మా అమ్మాయి చదువు సంగతి విని, "మా ఆడపిల్లలకి ఒక్క అరగంట మీ చదువు గురించి చెప్పమ్మా. కానీ తెలుగులో చెప్పాలి సుమా, అప్పుడే వాళ్ళకి ఎక్కుతుంది" అన్నారు. అదీ హుషారుగా ఒప్పుకుంది.

ఆ రాత్రి నా మంచం దగ్గరికొచ్చి, "అమ్మా, డయాగ్రిడ్‌ని తెలుగులో ఏమంటారు?" అంది.

కాలేజీలో చేరాక అది నన్నొక మాట అడగడం అదే మొదలు. నా గుండె ఎంత పొంగిందో చెప్పలేను. పైకి మాత్రం బారసాలకొచ్చిన మేనత్తలా గంభీరంగా, "ముందు పిల్లని చూపించు, తరవాత పేరు పెడతాను" అన్నాను.

అది లేచి వెళ్ళి, వాళ్ళ నాయనమ్మ చీపురు కట్టుకోడానికి చీరిపెట్టుకున్న కొబ్బరి ఈనెలు గుప్పెడు పట్టుకొచ్చింది. నాలుగింటిని మూలల దగ్గర దారంతో కట్టి నలుచదరంగా చేసి, "పక్కనించి తొయ్యి" అంది. తోశాను. చదరం కాస్తా ఒరిగిపోయి జీడిపప్పు బర్ఫీ ముక్కలా అయింది. మళ్ళీ సరిచేసి, ఒక మూలనించి ఎదురు మూలకి ఇంకో ఈనె కట్టి, "ఇప్పుడు తొయ్యి" అంది. తోశాను. కదిలితే ఒట్టు.

"నాలుగు పుల్లల గడి ఒరుగుతుంది. మూడు పుల్లల గడి ఒరగదు. ఒరగాలంటే పుల్లే విరగాలి, లేదా దారం ఊడాలి. మేము చదివే చదువులో సగం ఇదేనమ్మా" అంది.

కొబ్బరికాయ కొట్టి వదిలించుకున్నాననుకున్న త్రిభుజం, కొబ్బరి ఈనెల రూపంలో నా మంచం మీదికే వచ్చి కూచుంది.

నేనింకా అనుమానంగా చూస్తున్నానని నా చేతిలో జేబురుమాలు లాక్కుంది. నిలువునా లాగింది, అడ్డంగా లాగింది, సాగలేదు. ఎదురెదురు మూలలు పట్టుకుని లాగితే మాత్రం చక్కగా సాగింది. బట్టలో పడుగుంది, పేక ఉంది. మూలనించి మూలకి పోయే దారం లేదు. అందుకని అటు లాగితే అడ్డుకునే నాథుడు లేడన్నమాట. జాకెట్టు ఒంటికి పట్టినట్టుండాలని దర్జీ క్రాసు కటింగు కత్తిరించేది ఈ కిటుకు మీదే. ఇన్నేళ్ళనించీ జాకెట్లు కుట్టించుకుంటున్నాను గాని, అందులో ఇంత శాస్త్రం ఉందని నాకు తట్టనేలేదు.

మామూలు మేడ కూడా పడుగూ పేకా లాంటిదేనట. నిలువు స్తంభాలు పడుగు, అడ్డ దూలాలు పేక. పైనించి దిగే బరువుని స్తంభాలు మోస్తాయి. కానీ గాలి పైనించి రాదు కదా, పక్కనించి తోస్తుంది. మేడ ఎత్తు పెరిగినకొద్దీ ఆ తోపుడుతోనే పెద్ద పేచీ. ఆ చదరాలు ఒరక్కుండా స్తంభాలూ దూలాలూ బాగా లావు చెయ్యాలి, లేదా లోపల దిట్టమైన గోడలు లేపాలి. డయాగ్రిడ్‌లో ఏం చేస్తారంటే, బయటి వరస నిలువు స్తంభాల్ని అసలే తీసేస్తారు. వాటి బదులు ఏటవాలు ఉక్కు దూలాలు కుడినించి ఎడమకీ ఎడమనించి కుడికీ ఒకదాన్నొకటి దాటుకుంటూ మేడ చుట్టూ అల్లుకుపోతాయి. అంతస్తుల బరువు కిందికి దింపేవీ అవే, గాలిని నిలవరించేవీ అవే.

ఫోనులో బొమ్మలు చూపించింది. లండనులో 30 సెయింట్ మేరీ యాక్స్ అనే మేడ, 180 మీటర్ల ఎత్తు. నార్మన్ ఫాస్టర్ అనే ఆర్కిటెక్టు సంస్థ రూపకల్పన చేస్తే 2004లో తెరిచారు. అక్కడి జనం దాన్ని ముద్దుగా గెర్కిన్ అంటారు. అంటే దోసకాయ. మనం పప్పులో వేసుకునే గుండ్రటి దోసకాయ కాదు, వాళ్ళు ఊరబెట్టుకునే చిన్న కీరదోసకాయ. మేడంతా ఒంపు తిరిగినట్టుంటుంది గాని, నిజంగా ఒంపు తిరిగిన అద్దం కొసన మూతలా పెట్టింది ఒక్కటేనట. మిగతావన్నీ చదును అద్దాలే.

న్యూయార్కులో హర్స్ట్ టవర్ అని 46 అంతస్తులది ఇంకోటి, 2006లో పూర్తయింది. 1928లో కట్టిన ఆరంతస్తుల పాత రాతి భవనం గోడల్లోంచి మొలకెత్తినట్టు లేస్తుంది. ఒక్కో త్రిభుజం నాలుగంతస్తుల ఎత్తు. ఇలా కట్టడంవల్ల మామూలు పద్ధతిలో కన్నా సుమారు 20 శాతం ఉక్కు తక్కువ పట్టిందని కట్టినవాళ్ళ లెక్క.

షికాగోలో 1969లో పూర్తయిన నూరంతస్తుల జాన్ హాంకాక్ మేడ బొమ్మ చూసి, "ఇదీ డయాగ్రిడ్డేగా" అన్నాను, నాకూ తెలిసిపోయిందన్న ధీమాతో. దాని ఒంటిమీద కింద నించి పైదాకా పెద్ద పెద్ద ఇంటూ గుర్తులున్నాయి మరి. మా అమ్మాయి తల అడ్డంగా ఊపింది. ఢాకాలో పుట్టిన ఫజ్లూర్ రహ్మాన్ ఖాన్ అనే మహా ఇంజనీరు లెక్కకట్టిన మేడ అది. అందులో స్తంభాలు స్తంభాలే, ఏటవాలు దూలాలు వాటికి బిగువు. ఇందులో స్తంభాలే లేవు.

"అంటే, వంటకి సాయం చేసే మొగుడికీ, వంటే చేసే మొగుడికీ ఉన్నంత తేడా" అన్నాను. పక్క గదిలోంచి మావారు దగ్గారు.

సరే, పేరు పెట్టే వేళయింది. రాత్రంతా ఆలోచించాను. తెల్లారి కాఫీ దగ్గర, "వికర్ణ జాలక నిర్మాణం" అని ప్రకటించాను. వికర్ణమంటే చదరంలో మూలనించి మూలకి గీసే గీత, జాలకమంటే వల. తప్పు పట్టడానికి వీల్లేదు. మా అమ్మాయి రెండుసార్లు నోట్లో వేసుకుని నమిలి చూసింది.

పొయ్యి దగ్గరున్న అత్తయ్యగారు కంగారుగా ఇటు తిరిగి, "ఎవరికే ఆ జబ్బు? ఏ డాక్టరు చెప్పాడు?" అన్నారు.

మా అమ్మాయి పడీపడీ నవ్వింది. నేనూ నవ్వాను గాని, లోపల కొంచెం చురుక్కుమంది.

"జబ్బు కాదు నాయనమ్మా" అంటూ అది ఫోను తీసుకెళ్ళి ఆవిడకి లండను మేడ చూపించింది. అత్తయ్యగారు కళ్ళజోడు పెట్టుకుని, ఎడంగా పెట్టి చూశారు, దగ్గరగా పెట్టి చూశారు.

"కోళ్ళగంప కదే ఇదీ!" అన్నారు.

పెరట్లో బోర్లించిన గంప అక్కడే ఉంది. ముగ్గురం తలలు తిప్పి చూశాం. సన్నటి వెదురు బద్దలు ఇటూ అటూ వాలుతూ, ఒకదాని మీదనించి ఒకటీ, ఒకదాని కిందనించి ఒకటీ పోతూ, మధ్యలో కన్నాలతో గుండ్రంగా పైకి లేచి కొసన ముడిపడ్డాయి. కింద అంచుకి చుట్టూ పట్టు. ముప్ఫై ఏళ్ళుగా దాన్ని చూస్తున్నాను. కోళ్ళు తప్ప ఇంకేమీ కనబడలేదు నాకు.

"బద్దలు అలా వాలి ఉండబట్టే, మనిషి చెయ్యి ఆన్చి లేచినా గంప కుంగదు. ఆ పెరటి తడిక తలుపు చూడు. వానాకాలంలో జారి నేలకి రాసుకుంటుంటే, నీ తాత ఐమూలగా ఒక బద్ద కొట్టారు. అప్పట్నించీ కదిలిందా?" అన్నారావిడ. అంతలోనే నా వంక చూసి, గొంతు తగ్గించి, "అదేనే, కురాసుగా" అని దిద్దుకున్నారు.

మా అమ్మాయి అది గమనించలేదు. తలుపు దగ్గరికి పరిగెత్తి, "నాయనమ్మా, ఈ బద్ద ఇలాగే ఎందుకు కొట్టారు? రెండోవైపు మూలలకి కొట్టచ్చుగా?" అంది.

"ఎలా కొడతారే? బద్ద అయితే స్తంభం పక్క కింది మూలలో కాలు తన్ని, గొళ్ళెం వైపు పైమూలని ఎత్తి పట్టాలి. తీగ కట్టేటట్టయితే అప్పుడు రెండోవైపు. స్తంభం పక్క పైమూలనించి వేలాడదియ్యాలి. తీగ తన్నలేదు, లాగుతుంది" అన్నారావిడ, పోపులో ఆవాలు వేస్తూ.

మా అమ్మాయి అక్కడే చతికిలబడింది. తన్నడం, లాగడం, ఈ రెండు ముక్కలేనట వాళ్ళకి మొదటి ఏడాదంతా చెప్పింది. డయాగ్రిడ్‌లో ప్రతి దూలమూ అయితే తంతుంది, కాకపోతే లాగుతుంది. వంగే పని చాలా తక్కువ. ఏ కర్రయినా వంచితే తొందరగా విరుగుతుంది గాని, నిలువునా నొక్కితేనూ, లాగితేనూ అంత తొందరగా లొంగదు కదా. తక్కువ ఉక్కుతో పని జరగడానికి కారణం అదే.

అప్పుడు మాకొక కథ చెప్పింది. వ్లదీమిర్ షూఖొవ్ అని రష్యాలో ఒక ఇంజనీరు. ఒకనాడు ఆయన తన ఆఫీసు గదిలోకి వెళ్ళేసరికి, చిత్తుకాగితాలు వేసే అల్లిక బుట్టని ఎవరో బోర్లించి దాని మీద బరువైన పూలకుండీ పెట్టారట. పుల్లల బుట్ట అంత బరువు మోస్తూ కుంగకుండా ఉండడం చూసి ఆయన అక్కడే నిలబడిపోయాడని చెప్పుకుంటారు. ఆ కథ మాటెలా ఉన్నా, 1896లో నీజ్నీ నోవ్‌గొరోద్ ప్రదర్శనలో ఆయన నిలబెట్టిన నీళ్ళ టవరు మాత్రం నిజం. తిన్నటి ఇనప కడ్డీలే, కాకపోతే అన్నీ ఏటవాలుగా ఒకదాన్నొకటి దాటుతూ, నడుం సన్నబడ్డ డమరుకంలా లేస్తాయి. 1922లో మాస్కోలో 160 మీటర్ల రేడియో టవరు కూడా అలాగే కట్టాడు. మొదట 350 మీటర్లు అనుకున్నాడట. అంతర్యుద్ధం రోజుల్లో అంత ఇనుము దొరక్క దాంతో సరిపెట్టాడు. అమెరికాలో పిట్స్‌బర్గులో 13 అంతస్తుల మేడని ఇలా ఏటవాలు ఉక్కు గోడల మీద నిలబెట్టింది 1963లో. లండను దోసకాయ ఆ తరవాతెప్పుడో.

"ఆయనకీ బుట్టే దారి చూపిందన్నమాట" అన్నారు అత్తయ్యగారు, ఎరిగున్న మనిషి క్షేమ సమాచారం విన్నంత తృప్తిగా.

నేను మాత్రం ఆ కథ సగమే విన్నాను. "అదేనే, కురాసుగా" అన్న దగ్గరే నా మనసు ఆగిపోయింది.

మా అమ్మాయికి ఆరేళ్ళప్పటి మాట. వేసవి సెలవులన్నీ నాయనమ్మ దగ్గర గడిపి హైదరాబాదు వచ్చి స్కూలుకి వెళ్ళింది. టీచరు కాగితం మడవమంటే, "ఐమూలగానా, టీచర్?" అని అడిగిందట. క్లాసంతా నవ్విందట, టీచరుతో సహా. ఏడుస్తూ ఇంటికొచ్చింది. నేనేం చేశాను? స్కూలుకి వెళ్ళి అడగలేదు. పిల్లని ఒళ్ళో కూచోబెట్టుకుని, "అలా అనకూడదమ్మా, అది పల్లెటూరి మాట. క్రాసుగా అనాలి" అని నేర్పాను. అంతటితో ఊరుకున్నానా? అత్తయ్యగారు వచ్చినప్పుడు, "దాని ముందు ఇలాంటి మాటలు అనకండి, స్కూల్లో నవ్వుతున్నారు" అని ఆవిడకీ చెప్పాను. ఆవిడ "సరేనమ్మా" అన్నారు. ఆవిడ దేనికైనా అలాగే అంటారు. పదహారేళ్ళయినా ఆ మాట గుర్తుపెట్టుకుని, తన వంటింట్లో తను నిలబడి, నన్ను చూసి దిద్దుకున్నారు.

తెలుగులో మాట లేదని రాత్రంతా నిద్ర కాచి సంస్కృతంలో జబ్బు పేరొకటి తయారుచేసిన రచయిత్రిని నేను. ఉన్న మాటని ఇంట్లోంచి వెళ్ళగొట్టిందీ నేనే.

ఆ మధ్యాహ్నం ఊరికే ఉండలేక, నాకు వచ్చిన విద్య ఒక్కటే గనక, నిఘంటువులు తిరగేశాను. ఈ ఇంగ్లీషు మాటలు ఎక్కడనించి వచ్చాయో చూద్దామని. డయాగ్రిడ్ అంటే డయాగొనల్‌నీ గ్రిడ్‌నీ కలిపి కుట్టిన మాట. డయాగొనల్ గ్రీకు భాషలోది. మూలనించి మూలకి అడ్డంగా పోయేదని అర్థం. మన ఐమూలకి అక్కచెల్లెలు. గ్రిడ్ వచ్చింది గ్రిడైరన్ నించి. అదేమిటంటే, నిప్పుల మీద పెట్టి మాంసం కాల్చుకునే ఇనప చట్రం, శుద్ధ వంటింటి సామాను. లాటిస్ అంటే గొప్ప మాటనుకుంటాం. పాత ఫ్రెంచిలో దాని మూలం బద్ద. ట్రస్ అంటే ఇంజనీర్లు అంత భక్తిగా అంటారా, దాని పుట్టుక మోపు, కట్టెల మోపు లాంటి మోపు.

సంస్కృతాన్ని తప్పుపట్టే పనీ లేదు. గవాక్షమంటే ఆవు కన్ను. ఎవరో పశువుల్ని ప్రేమగా చూసినవాళ్ళే ఆ కిటికీకి ఆ పేరు పెట్టి ఉంటారు. ఎవరి భాషలోనైనా పెద్ద మాటలన్నీ ఒకప్పుడు పొయ్యి దగ్గరా, దొడ్లోనూ తిరిగినవే. ఇంగ్లీషువాళ్ళు తమ చట్రాన్నీ, బద్దనీ, మోపునీ సిగ్గుపడకుండా 46 అంతస్తుల దాకా ఎక్కించారు. మనం మన బద్దని దొడ్లోనే వదిలేసి, మేడెక్కాక కొత్త మాటల కోసం వెతుక్కుంటున్నాం.

మర్నాడు స్కూలుకి మా అమ్మాయి కోళ్ళగంప నెత్తిన పెట్టుకుని వెళ్ళింది. నేనూ, అత్తయ్యగారూ వెనక బెంచీలో కూచున్నాం. ఈనెలు చూపించింది, రుమాలు లాగించింది, గంపని బల్లమీద బోర్లించి దాని మీద పుస్తకాల కట్టలు ఒకటొకటిగా పెట్టించింది. "దీన్ని ఐమూల అల్లిక అంటారు" అని బోర్డు మీద రాసింది. ఎవరూ నవ్వలేదు. నవ్వడానికేముంది, వాళ్ళ ఇళ్ళలో రోజూ వినే మాటే.

రెండో వరసలో బక్కపలచటి పిల్లొకతె లేచి, "మరి దూలాలు దాటుకునే చోట ముడి ఊడితేనో?" అంది.

మా అమ్మాయి మొహం వెలిగిపోయింది. ఈ పద్ధతిలో అసలు కష్టమంతా ఆ ముడి దగ్గరేనట. నాలుగు పక్కలనించీ వచ్చే దూలాలు ఒక్క చోట కలవాలి, కొలత పిసరు తేడా వచ్చినా కూచోదు. అందుకే ఆ ముళ్ళని ముందే కార్ఖానాలో జాగ్రత్తగా తయారుచేసి తీసుకొస్తారు. ఖర్చూ అక్కడే ఎక్కువ. ఒక దూలం దెబ్బతిన్నా, గంపలో ఒక బద్ద విరిగినట్టే, చుట్టుపక్కలవి ఆ బరువు పంచుకునేలా చూసుకుంటారు. బీజింగులో 2012లో పూర్తయిన చైనా టెలివిజన్ భవనంలో అయితే బరువు ఎక్కువ పడే చోట అల్లిక చిక్కగా, తక్కువ పడే చోట పలచగా వేశారు. ఆ ముఖం చూస్తే మేడ ఎక్కడ కష్టపడుతోందో బయటినించే తెలిసిపోతుందట.

"మనుషులకీ అలా తెలిస్తే ఎంత బావుండేది" అని నాకనిపించింది. పక్కన అత్తయ్యగారు చేతులు ఒళ్ళో పెట్టుకుని, మనవరాలు రాసిన ఆ మాట వంకే చూస్తున్నారు. ఆవిడకి చదవడం రాదు. అయినా అదేమి మాటో ఆవిడకి తెలుసు. ఆవిడ చెయ్యి పట్టుకున్నాను. ఏమిటమ్మా అన్నట్టు చూశారు. "ఏం లేదత్తయ్యా, మీరెలా అంటారో అలాగే అనండి" అన్నాను. "సరేనమ్మా" అన్నారు.

తిరుగు ప్రయాణంలో బస్సు రావులపాలెం దాటాక, నిద్రపోతోందనుకున్న మా అమ్మాయి కళ్ళు తెరవకుండానే, "అమ్మా, ఐమూల అన్న మాట నాకు చిన్నప్పుడు తెలుసనిపిస్తోంది. మధ్యలో ఎక్కడ పోగొట్టుకున్నానో" అంది.

నాకు జవాబు తెలుసు. కానీ నోరు పెగల్లేదు. "పడుకో, ఇంకా చాలా దూరముంది" అన్నాను.

ఇవాళ ఇక్కడ రాసేశాను. నా నవలలు అది చదవదు, లావుగా ఉంటాయంటుంది. ఈ పేజీ మాత్రం చదువుతుంది, పొట్టిగా ఉంటుంది గనక. చదివి ఫోను చేస్తే, ఆ మాట ఎక్కడ పోయిందో దాని నాయనమ్మ ఎదుటే చెబుతాను.